రాయల్టీ వసూలు గుత్త: లారీలు తిరగకపోయినా సర్కారుకు కట్టాలా?

గద్వాలలో ఒక టిప్పర్ యజమాని ఈమధ్య ఒక ప్రశ్న అడిగారు. "లారీలు తిరగకపోయినా సర్కారుకు కిస్తీ కట్టాల్సిందేనా భాయ్?" ఆయన బావమరిది తుంగభద్ర అవతల, ఆంధ్రలో, రాయల్టీ వసూలు టెండర్‌లో వాటా తీసుకోవాలనుకుంటున్నారు. ఈయనను జమానత్ సంతకం పెట్టమన్నారు. ఇంటి కాగితాలు కూడా అడిగారు.

ఆయన ప్రశ్నకు జవాబు ఒక్క ముక్కలో చెప్పాలంటే: చాలాసార్లు కట్టాల్సిందే. ఒప్పందంలో మినహాయింపు రాసి ఉంటేనో, సర్కారే పని ఆపితేనో తప్ప. ఆ "తప్ప" అన్న మాట ఎక్కడ పనికొస్తుంది, ఎక్కడ పనికిరాదు అన్నది తెలియకనే చాలా ఇళ్లు ఇబ్బందిలో పడతాయి. గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూల్ జిల్లాల్లో మనవాళ్లు చాలామంది లారీలు, ట్రాక్టర్లు, కంకర, ఇసుక పనుల్లో ఉన్నారు. అందుకే ఈ సంగతి కాస్త వివరంగా చూద్దాం.

రాయల్టీ అంటే ఏమిటి?

ఇసుక, మొరం, కంకర, గ్రానైట్ లాంటివి చట్టం లెక్కలో చిన్నతరహా ఖనిజాలు. వీటిని తవ్వుకున్నందుకు సర్కారుకు కట్టే సొమ్మే రాయల్టీ. మన దగ్గర దాన్నే సీనరేజి అంటారు. 1957 నాటి కేంద్ర గనుల చట్టం 15వ సెక్షన్ ప్రకారం వీటికి రూల్స్ చేసే అధికారం, రేటు పెట్టే అధికారం రాష్ట్ర ప్రభుత్వానిది. అయితే ఒకసారి రేటు పెంచాక మూడేళ్ల లోపల మళ్లీ పెంచకూడదని అదే సెక్షన్ చెప్తుంది.

రాయల్టీ పన్నా, కాదా అన్న గొడవ దేశంలో ముప్పై ఏళ్లకు పైగా నడిచింది. 1989లో ఇండియా సిమెంట్ కేసులో సుప్రీంకోర్టు రాయల్టీ పన్నే అన్నది. 2024 జూలై 25న తొమ్మిది మంది జడ్జీల బెంచ్ 8-1 తీర్పుతో ఆ మాటను మార్చింది. రాయల్టీ పన్ను కాదు, ఖనిజం తవ్వుకునే హక్కుకు బదులుగా లీజుదారు ఇచ్చే ఒప్పంద ప్రతిఫలం అని తేల్చింది. అంటే రాయల్టీ మూలం ఒప్పందంలోనే ఉంది. కాగితం మీద ఏం రాశారన్నదే ముఖ్యం.

వసూలు గుత్త ఎలా నడుస్తుంది?

తెలంగాణలో ఇసుకను ఖనిజాభివృద్ధి సంస్థ, అంటే టీజీఎండీసీ, ఆన్‌లైన్ బుకింగ్ ద్వారా అమ్ముతుంది. రాయి, కంకర విషయంలో లీజుదారు గనుల శాఖకు సీనరేజి కట్టి పర్మిట్ తీసుకుంటారు. ఆ పర్మిట్ మీదనే లారీ కదలాలి.

కొన్ని రాష్ట్రాల్లో మాత్రం ఈ వసూలు పనినే టెండర్ పెట్టి ప్రైవేటు వాళ్లకు ఇస్తారు. రాజస్థాన్‌లో ఇది ఎప్పటినుంచో ఉంది. ఆంధ్రప్రదేశ్‌లో కూడా గత కొన్నేళ్లలో కొన్ని జిల్లాల సీనరేజి వసూలును ఇట్లానే ప్రైవేటు ఏజెన్సీలకు అప్పగించారు. ఎక్కువ మొత్తం పాడినవాళ్లకు ఒక ప్రాంతంలో, ఒక గడువు దాకా వసూలు హక్కు ఇస్తారు. వాళ్లు నెలనెలా ఒప్పుకున్న కిస్తీ సర్కారుకు కట్టాలి. పైన మిగిలింది వాళ్లది. తగ్గితే నష్టం కూడా వాళ్లదే.

ఇది మనకు కొత్త కాదు. సంతలో తైబజారు హర్రాజు పాడడం చూసే ఉంటాం. సంతకు పశువులు రాలేదని పాట పాడినవాళ్లకు సొమ్ము తగ్గించరు కదా? రాయల్టీ గుత్త కూడా అదే దారి. కాకపోతే ఇక్కడ లెక్క కోట్లలో ఉంటుంది.

పాత కాలంలో కూడా ఇదే పద్ధతి. నిజాం రాజ్యంలో ఒకప్పుడు భూమి శిస్తు వసూలును తాహుద్ పేరుతో గుత్తకు ఇచ్చేవారు. గుత్తదారు సర్కారుకు ఇంత అని ఒప్పుకుని, రైతుల దగ్గర వీలైనంత లాగేవాడు. 1853లో దివాన్ అయిన మొదటి సాలార్‌జంగ్ ఆ పద్ధతిని తీసేసి, సర్కారు ఉద్యోగులతోనే వసూలు చేయించే ఏర్పాటు తెచ్చారు. మన మూడు జిల్లాల్లోని గద్వాల, వనపర్తి, కొల్లాపూర్ సంస్థానాలు కూడా నిజాంకు పేష్కష్ కట్టేవి. వసూలు చేసేవాళ్ల చేతిలో ఎంత పడ్డా, పై సర్కారుకు పోవాల్సింది పోవాల్సిందే. వసూలు గుత్తకు మూల సూత్రం ఇదే.

ఒక చిన్న లెక్క

కింది అంకెలు ఉదాహరణ కోసం వేసినవి మాత్రమే, ఏ టెండర్‌వీ కావు.

ఏడాదికి 2 కోట్ల 40 లక్షలకు పాట పాడారనుకుందాం. నెల కిస్తీ 20 లక్షలు. చెక్‌పోస్టులు, మనుషుల జీతాలు, కరెంటు, డీజిల్ కలిపి నెలకు 3 లక్షలు. అంటే నెలకు 23 లక్షలు రావాలి. 25 రోజులు పని నడిస్తే రోజుకు 92,000. ఒక్కో బండికి సగటున 400 రూపాయలు వస్తే, రోజుకు 230 బండ్లు తిరిగితేనే బరాబర్.

ఎండాకాలం, చలికాలం కలిపి ఎనిమిది నెలలు రోజుకు 250 బండ్లు తిరిగాయనుకోండి. నెలకు 25 లక్షలు వస్తాయి. నెలకు 2 లక్షల చొప్పున 16 లక్షలు మిగులుతాయి. వానాకాలం నాలుగు నెలలు నదిలో ఇసుక తవ్వకం ఆగుతుంది, కట్టుబడి పనులు తగ్గుతాయి. బండ్లు 120కి పడిపోతే నెలకు వచ్చేది 12 లక్షలే. నెలకు 11 లక్షల చొప్పున 44 లక్షలు తక్కువ పడతాయి. ఏడాది మొత్తం మీద 28 లక్షలు నష్టం.

పాట పాడేటప్పుడు చాలామంది ఎండాకాలం రద్దీ చూసి లెక్కేస్తారు. కృష్ణా, తుంగభద్ర మధ్య ఉన్న మనకు ఈ తప్పు బాగా తెలియాలి. జూరాల గేట్లు ఎత్తే రోజుల్లో నది ఎట్లా ఉంటుందో ప్రతి ఏడూ చూస్తూనే ఉన్నాం.

కిస్తీ ఆలస్యమైతే ఒప్పందంలో రాసిన వడ్డీ పడుతుంది. ఏడాదికి 24 శాతం అని రాసి ఉంటే, 20 లక్షల కిస్తీ ఒక నెల ఆలస్యానికి 40,000 రూపాయలు. వడ్డీకి దూరంగా ఉండాలనుకునే మన ఇళ్లకు ఇది ఇంకో చిక్కు. అప్పు తీసుకోకపోయినా వడ్డీ మెడకు చుట్టుకుంటుంది.

"నష్టం వచ్చింది" అంటే కోర్టు వింటుందా?

చాలామంది అనుకునేది ఇది: "ముందు పాట పాడదాం, నష్టం వస్తే హైకోర్టులో రిట్ వేద్దాం." ఈ దారి 1975లోనే దాదాపు మూసుకుపోయింది. పంజాబ్‌లో సారా దుకాణాల వేలం మీద వచ్చిన హర్ శంకర్ కేసులో సుప్రీంకోర్టు ఒక సూత్రం చెప్పింది. ఇష్టపూర్వకంగా వేలంలో పాల్గొని, షరతులు ఒప్పుకున్నవాళ్లు తర్వాత వ్యాపారం గిట్టలేదని రిట్ వేసి ఆ బాధ్యతలు తప్పించుకోలేరు. సారా కేసుతో మనకేం సంబంధం అనుకోవద్దు. సర్కారు వేలం పాటలకు అదే సూత్రాన్ని కోర్టులు వాడతాయి.

ఒప్పందాల చట్టం 1872 నాటిది. పని చేయడం అసాధ్యమైతే, లేదా చట్టవిరుద్ధమైతే ఒప్పందం చెల్లదని దాని 56వ సెక్షన్ చెప్తుంది. కానీ "అసాధ్యం" వేరు, "గిట్టుబాటు కాదు" వేరు. 2017లో ఎనర్జీ వాచ్‌డాగ్ కేసులో కరెంటు కంపెనీలు ఇండోనేషియా బొగ్గు రేటు పెరిగిందని మొరపెట్టుకున్నాయి. ఖర్చు పెరిగినంత మాత్రాన ఒప్పందం రద్దు కాదని సుప్రీంకోర్టు చెప్పింది. వానాకాలం నది పొంగడం అందరికీ ముందే తెలిసిన సంగతి. దాన్ని అనుకోని ఆపద అని చూపించడం కష్టం.

మరి సర్కారే లేదా కోర్టే తవ్వకాలు ఆపితే? అప్పుడు మాట వేరు. 2012లో దీపక్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు, ఐదు హెక్టార్లకు తక్కువున్న చిన్న ఖనిజాల లీజులకు కూడా పర్యావరణ అనుమతి కావాలన్నది. ఇట్లాంటి ఆర్డర్ల వల్ల తవ్వకాలే ఆగిపోతే వసూలు కూడా ఆగుతుంది. అప్పుడు ఆ రోజులకు కిస్తీ తగ్గించమని అడగవచ్చు. కానీ ఒప్పందంలో ఆ షరతు ఉందా అన్నదే మొదటి ప్రశ్న. కొన్ని ఒప్పందాల్లో "ఏ కారణం చేత వసూలు తగ్గినా మాఫీ లేదు" అని స్పష్టంగా రాసి ఉంటుంది. ఆ ఒక్క లైను చదవకుండా సంతకం పెట్టకండి.

రేటు పెరిగినా ఇంతే. సీనరేజి రేటు పెరిగితే వసూలు పెరుగుతుంది, లాభమే అనుకుంటారు. రాజస్థాన్ లాంటి చోట్ల రేటు పెరిగితే మిగిలిన గడువుకు గుత్త సొమ్ము కూడా అదే వంతున పెరగాలని షరతు ఉంటుంది. బండ్లు పెరగవు, కిస్తీ మాత్రం పెరుగుతుంది.

సర్కారు కూడా ఇష్టమొచ్చినట్టు చేయలేదు

ఇదంతా చదివి గుత్తదారుకు ఏ హక్కూ లేదనుకోవద్దు. కోర్టులు సర్కారుకు కూడా హద్దులు పెట్టాయి. మూడు కేసులు గుర్తుంచుకోవాలి.

మొదటిది మౌలా బక్ష్ కేసు. ఆయన 1947లో సైన్యానికి ఆలుగడ్డలు, కోళ్లు, గుడ్లు, చేపలు సరఫరా చేయడానికి రెండు ఒప్పందాలు చేసుకున్నారు. 10,000, 8,500 రూపాయల చొప్పున డిపాజిట్ కట్టారు. సరుకు సరిగా ఇవ్వలేదని సర్కారు ఒప్పందాలు రద్దు చేసి, డిపాజిట్లు జప్తు చేసుకుంది. కేసు సుప్రీంకోర్టు దాకా పోయింది. ఆలుగడ్డల్లాంటి సరుకులో నష్టం ఎంతో లెక్కగట్టి చూపించవచ్చు, సర్కారు ఆ నష్టాన్ని నిరూపించలేదు, కాబట్టి మొత్తం 18,500 తిరిగి ఇవ్వాలని 1969లో తీర్పు వచ్చింది. అంటే ఒప్పందం తప్పినంత మాత్రాన డిపాజిట్ మొత్తం మింగేయడానికి వీల్లేదు. 2015లో కైలాష్‌నాథ్ కేసులో కూడా సుప్రీంకోర్టు, నష్టమే జరగనప్పుడు జప్తు చెల్లదన్నది.

రెండోది పక్క రాష్ట్రం కర్ణాటక నుంచి వచ్చిన రామేశ్వర రైస్ మిల్స్ కేసు, 1987. ఒప్పందం తప్పారా లేదా అన్నదే తగువుగా ఉన్నప్పుడు, ఒప్పందంలో ఒక పక్షమైన సర్కారు అధికారి తానే జడ్జిగా కూర్చుని "నువ్వు తప్పావు, ఇంత కట్టు" అనలేడు. తప్పు ఒప్పుకున్నచోటనే నష్టం లెక్క కట్టగలడు.

మూడోది 2003 నాటి ఏబీఎల్ ఇంటర్నేషనల్ కేసు. సర్కారు ఒప్పందంలో అన్యాయంగా, ఇష్టారాజ్యంగా ప్రవర్తిస్తే రిట్ కూడా వేయవచ్చని అందులో సుప్రీంకోర్టు చెప్పింది. అంటే నష్టం వచ్చిందని రిట్ వేస్తే పని కాదు, సర్కారు అన్యాయం చేసిందని కాగితాలతో చూపిస్తే కోర్టు వినవచ్చు.

అందుకే కాగితాలు ముఖ్యం. తవ్వకాలు ఆగిన రోజునే శాఖకు రాతపూర్వకంగా తెలపాలి. అందిన రసీదు దాచుకోవాలి. ఆరు నెలలు ఊరుకుని, నోటీసు వచ్చాక "అప్పుడు పని ఆగింది" అంటే ఎవరూ వినరు.

కట్టకపోతే ఏమవుతుంది?

రాయల్టీ బాకీని భూమి శిస్తు బకాయి లాగా వసూలు చేసుకోవచ్చని గనుల చట్టం 25వ సెక్షన్ చెప్తుంది. వసూలు గుత్తల్లో కూడా ఇదే మాట షరతుగా రాస్తారు. తెలంగాణలో దీనికి వాడేది 1864 నాటి రెవెన్యూ రికవరీ చట్టం, అందరూ ఆర్ఆర్ యాక్ట్ అనేది. సాధారణంగా అప్పు ఇచ్చినవాళ్లు కోర్టుకు పోయి డిక్రీ తెచ్చుకోవాలి. ఆర్ఆర్ యాక్ట్ కింద అయితే నోటీసు, జప్తు, వేలం అన్నీ రెవెన్యూ అధికారులే నడిపిస్తారు.

బ్యాంకు గ్యారంటీ ఇచ్చి ఉంటే ఇంకా త్వరగా పోతుంది. శాఖ లెటర్ పెట్టగానే బ్యాంకు సొమ్ము కట్టేస్తుంది. మోసం జరిగిందనో, పూడ్చలేని నష్టం జరుగుతుందనో నిరూపిస్తే తప్ప కోర్టులు దానికి స్టే ఇవ్వవు.

గడువు సంగతి కూడా తెలుసుకోవాలి. 1963 నాటి కాలపరిమితి చట్టం ప్రకారం ఒప్పందం మీద దావా వేయడానికి మనకు మామూలుగా మూడేళ్లే. సర్కారు వేసే దావాకు ముప్పై ఏళ్లు. నాన్న పాడిన పాట బాకీ నోటీసు కొడుకు పెళ్లయ్యాక కూడా రావచ్చు. వారసులు తమకు వచ్చిన ఆస్తి మేరకే జవాబుదారీ. కానీ ఆ ఆస్తే కదా ఇల్లు! మన షరియత్‌లో కూడా వారసత్వం పంచే ముందు చనిపోయినవాళ్ల అప్పు తీర్చాలి.

జమానత్ సంతకం, మాట మీద వాటా

ఇక టిప్పర్ యజమాని అసలు ప్రశ్నకు వద్దాం. జమానత్ అంటే "సాక్షి సంతకం" కాదు. ఒప్పందాల చట్టం 128వ సెక్షన్ ప్రకారం, వేరేగా రాసుకోకపోతే, అసలు బాకీదారుకు ఎంత బాధ్యత ఉందో పూచీ ఉన్నవాళ్లకూ అంతే. ముందు బావమరిది ఆస్తి వేలం వేసి, తక్కువ పడితేనే మన దగ్గరికి రావాలన్న రూలు లేదు. నేరుగా మన దగ్గరికే రావచ్చు.

వాటా కూడా అంతే. పదిమంది కలిసి తలా కొంత వేసి ఒకరి పేరు మీద టెండర్ వేయడం మన దగ్గర మామూలు. 1932 నాటి భాగస్వామ్య చట్టం ప్రకారం ఫర్మ్ బాకీకి ప్రతి వాటాదారూ మొత్తానికి బాధ్యుడే. "నాది పది పైసల వాటా" అన్నది బయటివాళ్లకు చెల్లదు. ఫర్మ్ రిజిస్టర్ కాకపోతే ఇంకో నష్టం. ఒప్పందంలో రాసుకున్న హక్కు కోసం వాటాదారు మీద గానీ, ఫర్మ్ తరఫున బయటివాళ్ల మీద గానీ దావా వేయడానికి 69వ సెక్షన్ అడ్డం వస్తుంది. మనం కోర్టుకు పోలేం, మన మీద మాత్రం కేసు వేయవచ్చు.

సొంతవాళ్లను కాగితం అడగడం బాగుండదని మనవాళ్లు అనుకుంటారు. ఖురాన్‌లో అన్నింటికన్నా పొడవైన ఆయత్, సూరా బఖరా 282, అప్పు వ్యవహారాలు రాసుకోవడం గురించే ఉంది. సూరా మాయిదా మొదటి ఆయత్ ఒప్పందాలు నిలబెట్టుకోమనే మాటతో మొదలవుతుంది. కాగితం అడగడం అపనమ్మకం కాదు. రేపు రిష్తేదార్ల మధ్య గొడవ రాకుండా కాపాడేది ఆ కాగితమే.

లారీలు నడిపేవాళ్లు, ఇల్లు కట్టుకునేవాళ్లు

గుత్త పాడినవాళ్లు సర్కారు పెట్టిన రేటు కన్నా ఒక్క రూపాయి ఎక్కువ తీసుకోకూడదు. తమకు నష్టం వస్తోందని రేటు పెంచే హక్కు వాళ్లకు లేదు. కట్టిన ప్రతిసారీ శాఖ ఆమోదించిన రసీదు తీసుకోవాలి. తెల్ల చీటీ మీద రాసిచ్చింది రసీదు కాదు.

రోడ్డు, కాలువ, చెరువు లాంటి సర్కారు పనులకు కంకర, మొరం తోలేవాళ్లు ఇంకా జాగ్రత్తగా ఉండాలి. పాలమూరు-రంగారెడ్డి, నెట్టెంపాడు, కల్వకుర్తి లాంటి పెద్ద పనులైనా, ఊళ్లో సీసీ రోడ్డు అయినా, బిల్లులోనే సీనరేజి కోస్తారు. క్వారీలో ముందే కట్టినట్టు పర్మిట్లు, వేబిల్లులు చూపిస్తేనే ఆ కోత ఆపమని అడగగలరు. చూపించలేకపోతే జరిమానా కూడా పడవచ్చు. చిన్న గుత్తేదార్లు లాభం పోగొట్టుకునేది ఎక్కువగా ఇక్కడే.

సంతకం పెట్టే ముందు

టెండర్ కాగితం, ఒప్పందం నకలు మొత్తం తెచ్చుకుని తెలిసిన వకీలుతో, లెక్కల మనిషితో చదివించండి. ఈ ఏడు సంగతులు చూడండి:

1. కిస్తీ ఏ తారీఖుకు కట్టాలి, ఆలస్యానికి వడ్డీ ఎంత?
2. తవ్వకాలు ఆగితే కిస్తీ తగ్గింపు ఉందా, "మాఫీ లేదు" అని ఉందా?
3. సీనరేజి రేటు పెరిగితే గుత్త సొమ్ము కూడా పెరుగుతుందా?
4. డిపాజిట్, బ్యాంకు గ్యారంటీ ఏ సందర్భంలో జప్తు చేస్తారు?
5. మధ్యలో వదిలేస్తే మళ్లీ టెండర్ పెట్టి, తక్కువ వచ్చిన సొమ్ము మన దగ్గర వసూలు చేస్తారా?
6. తగువు వస్తే ఎవరు తేలుస్తారు? మధ్యవర్తిత్వం ఉందా, ఏ ఊరి కోర్టు?
7. జమానత్ ఎంత మొత్తానికి, ఎంత కాలానికి? హద్దు రాయకపోతే హద్దు లేనట్టే.

ఆ తర్వాత గత రెండు మూడేళ్లు ఆ ప్రాంతంలో నెలనెలా ఎంత వసూలైందో గనుల శాఖను సమాచార హక్కు చట్టం కింద అడగండి. పది రూపాయల ఫీజు, ముప్పై రోజుల్లో జవాబు రావాలి. వానాకాలం నాలుగు నెలల అంకెలు విడిగా చూడండి. పాట ఎంతకు పాడాలో ఆ అంకెలే చెప్తాయి.

టిప్పర్ యజమానికి మేం చెప్పింది కూడా ఇదే. బావమరిదికి సాయం చేయాలనుకుంటే, పోయినా తట్టుకోగలిగినంత సొమ్ము ఇవ్వండి, రాసుకుని ఇవ్వండి. ఒప్పందం చదవకుండా మాత్రం ఇంటి కాగితాలు ఇవ్వకండి. పిల్లలు పడుకునే ఇల్లు అది.